పల్లకి కనపడని సీను

నా గొంతు పుట్టుకతో ఇలా బొంగురుగా లేదు. సినిమాల్లో అరిచి అరిచి ఇలా అయింది. రెండు వందల మందిని ఒక్క కేకతో ఆపేదాన్ని. ఒకసారి షూటింగులో చేతిమైకులో బ్యాటరీలు అయిపోతే, మద్రాసు నుంచి వచ్చిన కెమెరామన్ "ఓబులమ్మ ఉండగా దీనికి బ్యాటరీలు దండగ" అని దాన్ని పెట్టెలో పడేశాడు. నేను దాన్ని పొగడ్తగానే తీసుకున్నాను. ఇప్పటికీ అలాగే తీసుకుంటున్నాను.

ఈ మధ్య నంద్యాల నుంచి ఒక అమ్మాయి, ఒక అబ్బాయి ఆళ్లగడ్డలో మా ఇల్లు వెతుక్కుంటూ వచ్చారు. సినిమా తీస్తున్నారట. మా మిద్దె మీది గదిలో ఉన్న పల్లకి కావాలట. ఏదో ఊళ్లో రాతి అరుగు మీద దాన్ని దించి సీను తీస్తారట. అరుగు అనే మాట వినగానే నాకు పాత రోజు ఒకటి కళ్ల ముందు నిలబడింది. పల్లకి సంగతి నాలుగు రోజులాగి చెప్తానన్నాను. పోతూ పోతూ అమ్మాయి అడిగింది: "జేజీ, నిర్మాత అంటే అసలు ఏం పని చేయాల?"

ఒక్క మాటలో చెప్పలేకపోయాను. అందుకే ఇది చెప్పి రాయిస్తున్నాను. నాకు సంతకం పెట్టడం, బస్సు బోర్డు చదవడం వరకే వచ్చు. మా చెల్లెలి మనవరాలు రాస్తోంది. చెప్పింది చెప్పినట్టు రాయమన్నాను. తిట్లు మాత్రం తీసేసింది. ఎక్కడెక్కడ తీసేసిందో మా ఊరివాళ్లకు చదవగానే తెలిసిపోతుంది లెండి.

జనాన్ని తెచ్చే పని

మా ఆయన మద్దిలేటి ఆళ్లగడ్డ నుంచి అహోబిలానికి జీపు తోలేవాడు. యాత్రికులను ఎక్కించుకోవడం, దించడం, అంతే మా బతుకు. ఒక ఏడాది మద్రాసు నుంచి సినిమావాళ్లు వచ్చారు. వాళ్లకు నల్లమలలో అడవి దొరికింది, కొండ దొరికింది, జనం దొరకలేదు. జాతర సీనుకు రెండు వందల మంది కావాలి. వాళ్ల ప్రొడక్షన్ మేనేజరు నాగలింగం మా జీపులో కూర్చుని తల పట్టుకున్నాడట. మా ఆయన నన్ను అడగకుండానే "మా ఆడమనిషి తెస్తుంది సార్" అని ఒప్పుకుని ఇంటికి వచ్చాడు.

"యాడ తెచ్చేదప్పా రెండు వందల మందిని? అంగట్లో అమ్ముతాండారా?" అన్నాను.

"నువ్వు కొళాయికాడ కొట్లాడితేనే వంద మంది చేరతారు గదే. ఇంగో వంద నీకు లెక్కా?" అన్నాడు.

మరుసటి రోజు పొద్దుటికి రెండు వందల ముప్పై మందిని కొండ కింద నిలబెట్టాను. అలా మొదలైంది నా ఉద్యోగం. ఆ తరువాత మా వైపు ఏ సినిమా వచ్చినా ముందు మా ఇంటికే వచ్చేవారు. జనం, ఎడ్లు, బండ్లు, వంటవాళ్లు, పాత మిద్దెలు, ఏది కావాలన్నా మేమే. ఆత్మకూరు అడవి అంచు నుంచి నంద్యాల బజారు దాకా నాకు తెలియని గడప లేదు.

నాగలింగం నాకు పని నేర్పిన మొదటి మనిషి. ఆయన చెప్పిన ఒక మాట ఇప్పటికీ నిలుస్తుంది. "జనానికి మూడు తెలియాలమ్మా. అన్నం ఎప్పుడు, నీడ ఎక్కడ, ఇంటికి ఎప్పుడు. ఈ మూడూ ముందే చెప్పావంటే నీ కోసం ఎండలో నిలబడతారు." అక్షరాలా నిజం. పెద్ద పెద్ద సినిమాలు ఈ మూడు చెప్పక పాడైపోవడం చూశాను.

కానీ ఆయనకు అబద్ధం నీళ్లు తాగినంత తేలిక. ఒక ఊళ్లో మూడో రోజుకు జనం అలిసిపోయి రామన్నారు. నాగలింగం నన్ను పక్కకు పిలిచి, "రేపు హీరోయిన్ మీ పంక్తిలో కూర్చుని సంగటి తింటుందని చెప్పు" అన్నాడు. నిజమేననుకుని ఈ గొంతుతోనే ఊరంతా చాటాను. ఆడవాళ్లు ఇళ్లు అలుక్కున్నారు. సంగటి కెలికారు, కోడి కోశారు, కొత్త చాప పరిచారు. ఆమె కారు అద్దం కూడా దించకుండా పోయింది.

నాగలింగం మద్రాసు వెళ్లిపోయాడు. నేను ఎక్కడికి పోవాలి? ఆళ్లగడ్డ బజారులో కూరగాయలమ్మే సుబ్బమ్మది ఆ ఊరే. నన్ను చూస్తే చాలు, "ఓబులమ్మక్కా! హీరోయిన్ యాడుందో కనుక్కో! సంగటి చల్లారిపోతాండాది!" అని కేక వేసేది. బజారంతా నవ్వేది. ఎన్నేళ్లు! నా కూతురి పెళ్లికి కూరగాయలు కొనడానికి పోయినప్పుడు కూడా అదే మాట. అబద్ధం ఆయనది, మొఖం నాది. హీరోయిన్ రాని ఆ రోజే అనుకున్నాను, నా నోటితో నాకు తెలియని మాట ఊరికి చెప్పనని.

కడుపు నిండిన కరువు

డైరెక్టర్ల గురించి కూడా ఒక మాట చెప్పాలి. చదువుకున్నవాళ్లు, తెలివైనవాళ్లు. కానీ కొందరికి మనుషులంటే కెమెరాలోంచి కనపడేవాళ్లే.

ఒకసారి కరువు సీను. ఎండిన చెరువులో ఊరు ఊరంతా కూలబడి ఉండాలి. పొద్దున్నే నేను అందరికీ కడుపునిండా బొరుగుల ఉగ్గాని పెట్టించాను. డైరెక్టరు వచ్చి చూసి మండిపడ్డాడు.

"ఎవరు పెట్టమన్నారమ్మా వీళ్లకు? కడుపు నిండిన మొఖాలతో కరువు ఎలా తీయను?"

నాకు ఒళ్లు మండింది. "సార్, మీరు కరువు పుస్తకంలో చదివింటారు. వీళ్లు ఖాళీ ముంతలో చూసినారు. కడుపు మాడినోడు మీ సీనుకు కళ్లు తిరిగి పడతాడే గానీ యాక్షన్ చేయడు. తిన్నోనికే గుర్తుకొస్తుంది, తిననిది" అన్నాను.

ఆయన విసురుగా కెమెరా దగ్గరికి పోయాడు. కెమెరా తిరిగింది. ముందు వరసలో బోడి తలతో ఒక పెద్దాయన ఉన్నాడు. ఎవరూ ఏమీ చెప్పకముందే నెర్రె విచ్చిన నేల మీద అరచెయ్యి పెట్టి, జ్వరం వచ్చిన బిడ్డ నుదురు చూసినట్టు అలా ఉంచాడు. డైరెక్టరు కట్ చెప్పడం మరిచిపోయాడు. సాయంత్రం నా దగ్గరికి వచ్చి "రేపు కూడా ఉగ్గాని పెట్టించండి" అన్నాడు. పెద్ద మనసు ఉన్నవాడు. అందరూ అలా వెనక్కి రారు.

ఆ రోజు నాకు ఒకటి తెలిసింది. మా జనం తాము పడింది ఎంతసేపైనా చేసి చూపిస్తారు. పడనిది మాత్రం చేయలేరు. ఆ తెలిసిన ముక్కనే మా సొంత సినిమాలో మరిచిపోయాను. అది నా వృత్తిలో నేను చేసిన అన్నింటికంటే పెద్ద తప్పు.

మా సినిమా

ఇరవై సినిమాలకు జనాన్ని మోసిన తరువాత మా ఆయనకు సొంతంగా తీయాలని పుట్టింది. ఆయన చూసి పెరిగిన కథే. ఏటా చలికాలంలో అహోబిలం సామి పల్లకి ఎక్కి, చుట్టూ ఊళ్లు తిరుగుతాడు. తన పెళ్లికి రమ్మని ఇంటింటినీ పిలుస్తాడని మా నమ్మకం. ప్రతి ఊళ్లో పల్లకి దించడానికి ఒక రాతి అరుగు ఉంటుంది. మా సినిమా ఆ పల్లకి మోసే ఒక మనిషి కథ. ఒకసారి అతని భుజం జారి పల్లకి ఒరుగుతుంది. ఆ సిగ్గుతో ఏళ్ల తరబడి మోయడం మానేస్తాడు. చివరికి ముసలితనంలో, సామి ఊరికి వచ్చే రోజున మళ్లీ భుజం పెడతాడు. అంతే కథ.

కర్నూలు కుర్రవాడు శ్రీధర్ డైరెక్టరు. నందికొట్కూరులో నాటకాలాడే పుల్లయ్య మామది ఆ పల్లకి మోసే ముసలి బోయీ వేషం. మొత్తం తీశాం, చివరి సీను తప్ప. అప్పుడు మా ఆయన జీపులోనే, స్టీరింగు మీద తల పెట్టి పోయాడు. గుండె.

కర్మాంతరాలు అయ్యాయి. కెమెరామన్ ఇంకో సినిమాకు పోవాలి, ఒక్క రోజే మిగిలింది. ఆ రోజు తప్పిందంటే మళ్లీ అందరినీ కూర్చడం నా వల్ల కాదు. మా ఆయన సినిమా తల లేని మొండెంలా డబ్బాల్లో ఉండిపోతుంది.

మా మరిది సుంకన్న ఎదురు తిరిగాడు. "వదినా, ఇంగ చాలు. మొగోడు పోయినాక ఆడది సినిమా తీసేదేంది? పొద్దున కెమెరా ముందర టెంకాయ కొట్టాల గదా. నువ్వు కొడతావా?"

నిర్మాతే టెంకాయ కొట్టాలి, అది సినిమావాళ్ల పద్ధతి. పుల్లయ్య మామ మా గడప దగ్గర బీడీ ఆర్పి లేచాడు.

"సుంకన్నా, టెంకాయకు మొగుడున్నాడో లేడో చూసి పగులుతుందా ఏందప్పా? కొట్టే చెయ్యి గట్టిదైతే చాలు. కోడలి చెయ్యి గట్టిదో కాదో నీకు తెల్దా?"

మరుసటి పొద్దున కెమెరా ముందు నేనే కొట్టాను. రెండు చిప్పలూ సమంగా పగిలాయి. సుంకన్న తువ్వాలు దులుపుకుని వెళ్లిపోయాడు.

అరుగు

చివరి సీనుకు నేను మా పుట్టినూరిని ఎంచుకున్నాను. ఆళ్లగడ్డకు దగ్గరే. నా మాట మీద ఊరంతా పనులు మానుకుని నిలబడింది. ఆళ్లగడ్డ వడ్రంగుల చేత పల్లకి చేయించాను. ఎంత బాగా చేశారంటే, దారిలో లారీ మీద చూసినవాళ్లు దండం పెట్టుకున్నారు. అప్పుడైనా నాకు అనుమానం రావాల్సింది. నేను మురిసిపోయాను.

పల్లకి ఊళ్లోకి వచ్చింది. ఎక్కడ దించాలి అని అడిగారు. "యాడ దించేదేంది, అరుగుంది గదా" అన్నాను. సామి పల్లకి దిగే అరుగు మీద, సినిమా పల్లకిని, నేనే దగ్గరుండి దింపించాను.

సామి పల్లకికి ఆ ఊళ్లో నరసమ్మవ్వ ఇంటివాళ్లదే మొదటి హారతి. ఎన్ని తరాలో వాళ్లకే తెలియదు. అవ్వ తలంటు పోసుకుని, తడి జుట్టుతో, హారతి పళ్లెం పట్టుకుని వచ్చింది. ఇది సినిమా అని ఆమెకు తెలుసు, నేనే చెప్పాను. కానీ అరుగు మీద పల్లకిని చూడగానే పళ్లెం కళ్లకద్దుకుంది. అడుగులో అడుగేసుకుంటూ దగ్గరికి పోయింది. తెర తీసి వంగి చూసింది. లోపల దిండ్లు, మల్లెపూలు, అంతే.

పళ్లెం కింద పెట్టింది.

"ఓబులమ్మా, లోపల ఎవరూ లేరు గదే?"

అంతే. ఊరంతా కొయ్యబారిపోయింది. శ్రీధర్ స్టార్ట్ అన్నాడు, ఎవరూ కదల్లేదు. "భక్తి చూపించండమ్మా, సామి వచ్చినాడు, మొక్కండి" అని అరిచాడు. ఒకాయన చేతులు సగం ఎత్తి దించేసుకున్నాడు. "ఖాళీ చెక్కకు ఎట్ల మొక్కేది సార్? చేతులు రాలేదు" అన్నాడు. ఒకామె ఏడుపు మొఖంతో నా వైపు చూసింది. "అక్కా, నీ కోసం ఏమన్నా చేస్తాం. ఇది మాత్రం చేయించొద్దు."

పొద్దు నడినెత్తికి వచ్చింది. మా ప్రొడక్షన్ అసిస్టెంటు నా చెవి దగ్గరికి వచ్చాడు. "అమ్మా, ఒక బొమ్మ తెచ్చి లోపల పెడదాం. కొండ మీద పూజ చేయించి తెచ్చినామని చెప్పండి. మీరు చెప్తే నమ్ముతారు."

నమ్ముతారు. అదే నా భయం. ఆ మాట చెప్తే గంటలో సీను అయిపోతుంది, మా ఆయన సినిమా పూర్తవుతుంది. చెప్పకపోతే డబ్బాల్లో ఉండిపోతుంది. సుబ్బమ్మ గొంతు చెవిలో మోగింది. సంగటి అయితే చల్లారుతుంది. సామి పేరుతో చెప్పిన అబద్ధం ఎప్పటికి చల్లారుతుంది? నేను ఈ ఊళ్లో పుట్టాను, ఈ చుట్టుపక్కలే చావాలి.

"పల్లకి ఎత్తండి" అన్నాను. లారీ ఎక్కించేశారు. రెండు బిందెల నీళ్లు తెప్పించి, కొంగు నడుముకు చుట్టి, అరుగు నా చేతులతో కడిగాను. ఎవరినీ ముట్టనివ్వలేదు. అవ్వ చూస్తూ నిలబడింది. కడగడం అయ్యాక అన్నాను.

"తప్పయింది అవ్వా. నాకే బుద్ధి చాల్లేదు."

"కడిగినావు గదా, ఇంగేం లేలే" అంది. తనే మళ్లీ అడిగింది. "ఇంగ మీ సినిమా?"

నోటికొచ్చింది అడిగాను. "అవ్వా, సామి వచ్చే దినం పొద్దునే లేసి నువ్వేం చేస్తావు?"

"ఏం చేసేదేంది? కోడి కూయకముందే లేస్తా. ఊడుస్తా, కళ్లాపి చల్లుతా. ముగ్గేసేటప్పుడు కూడా ఒక కన్ను దారి మీదే. ఇంగా యాడికొచ్చినాడో అని దావన పోయేటోళ్లందర్నీ అడుగుతా. అన్నం సయించదు. మా కోడలు నవ్వుతాది, పెండ్లికొడుకు నీకేనా అత్తా అని." అంటూనే అవ్వ చెయ్యి నుదుటికి అడ్డం పెట్టుకుని దారి చివరికి చూసింది. అలవాటుగా.

ఆ మొఖం చూసి నాకు చెరువులో పెద్దాయన అరచెయ్యి గుర్తుకొచ్చింది.

"శ్రీధరూ, పల్లకి వద్దు నాయనా. ఎదురు చూసేది తీద్దాం."

"పల్లకి కథలో పల్లకి లేకుండా ఎలాగమ్మా?"

"చుట్టం పెండ్లికి పిలిచేదానికి వస్తాండాడంటే గడపలో నిలబడే మనిషి మొఖం ఎప్పుడన్నా చూసినావా? చుట్టాన్ని చూపించే పనే లేదు. ఆ మొఖం చాలు."

శ్రీధర్ అవ్వ మొఖం చూశాడు. తరువాత కెమెరాను తిప్పించి, దారి వైపు వీపు పెట్టించాడు. తెలివైనవాడని అందుకే అంటాను.

నేను భయపడుతూ అవ్వను అడిగాను, ఇది చేయొచ్చా అని. నవ్వింది. "ఎదురు చూసేదాంట్లో అబద్ధమేముందే? ఏడాదంతా చూస్తానే ఉంటాం గదా."

ఊరు కదిలింది. ఎవరికీ ఏమీ చెప్పే అవసరం రాలేదు. ఊడ్చారు, కళ్లాపి చల్లారు, ముగ్గులేశారు, పిల్లల ముక్కులు తుడిచారు, అత్తాకోడళ్లు కసురుకున్నారు, ఒక్కొక్కరూ ఒక కన్ను దారి మీద పెట్టి. ఇన్ని సినిమాల్లో మొదటిసారి నేను అరవలేదు.

చివరికి పుల్లయ్య మామ. ముసలి బోయీ మళ్లీ భుజం పెట్టాలి, కానీ పల్లకి లేదు. తువ్వాలు మడిచి భుజాన పెట్టుకుని దారి వైపు నిలబడితే చాలన్నాడు శ్రీధర్. మామ తువ్వాలు మడిచి చూసి తల అడ్డంగా ఊపాడు. "కొత్త గుడ్డ కోడలా, భుజాన నిలబడదు. జారుతాది. పాతది ఏమన్నా ఉందా?"

జీపులో మా ఆయన తువ్వాలు అలాగే ఉంది. చెమట వాసన కూడా పోలేదు. తెచ్చి ఇచ్చాను. మామ దాన్ని ఒకసారి చూశాడు, నన్ను చూశాడు. నాలుగు మడతలు పెట్టి, భుజాన వేసుకుని, అరచేత్తో రెండుసార్లు అదిమి, దారి వైపు తిరిగి నిలబడ్డాడు. పొద్దు వంగే వేళకు సీను అయిపోయింది.

హాలులో

నంద్యాల హాలులో మొదటి ఆటకు నరసమ్మవ్వను జీపులో తీసుకుపోయాను. సుంకన్న కూడా వచ్చాడు, ఎవరికీ కనపడకుండా వెనక వరసలో.

చివరి సీను వచ్చింది. దూరం నుంచి మేళం చప్పుడు. తెర మీద అన్నీ మొఖాలే, దారి వైపు చూస్తూ. మేళం దగ్గరికి వచ్చేకొద్దీ ముందు నేల మీద కూర్చున్నవాళ్లు ఒక్కొక్కరుగా లేచారు. బెంచీల్లోవాళ్లు లేచారు. కాళ్లు చెప్పుల్లోంచి బయటికి తీసుకున్న చప్పుడు నాకు వినిపించింది. తిరిగి చూస్తే సుంకన్న నిలబడి ఉన్నాడు, అన్న తువ్వాలును తెర మీద గుర్తుపట్టి, రెండు చేతులూ జోడించి.

అవ్వ నా మోచెయ్యి గట్టిగా పట్టుకుంది.

"ఓబులమ్మా, ఈసారి లోపల ఉండాడే."

ఆ తరువాత ఇంకో రెండు సినిమాలు ఒంటరిగానే తీశాను. ఒకటి ఆడింది. ఇంకోదాని పేరు నేను చెప్పను, మీరు అడగొద్దు. కానీ ఆ అరుగున్న ఊరికి ఇప్పటికీ ఎప్పుడు పోయినా, ఏ ఇంట్లోనైనా నాకు సంగటి దొరుకుతుంది. సుబ్బమ్మ కూడా ఆ సినిమా చూశాక కేక మార్చింది. "ఓబులమ్మక్కా, సంగటి వేడిగా ఉండాది, రా!" అనేది. నా జీవితంలో నాకొచ్చిన పెద్ద సన్మానం అది. శాలువాలు ఉన్నాయి, పెట్టెలో.

నాలుగు రోజుల తరువాత ఆ పిల్లలు మళ్లీ వచ్చారు. అమ్మాయికి ఆమె అడిగినదానికి జవాబు చెప్పాను. నిర్మాత అంటే షూటింగు అయిపోయాక కూడా ఆ ఊరికి తలెత్తుకుని పోగలిగిన మనిషి. పల్లకి ఇస్తానన్నాను. నేల మీద దించుకోండి, బండి మీద పెట్టుకోండి, అరుగు మీద మాత్రం దించొద్దు. అన్నం ఎప్పుడో, నీడ ఎక్కడో, ఇంటికి ఎప్పుడో ముందే చెప్పండి.

మిద్దె ఎక్కి గది తలుపు తీశాను. అమ్మాయి పల్లకి తెర తొలగించి వంగి చూసింది.

"లోపల ఏముంది జేజీ?"

"కందులు. తీస్కపోయే ముందర మూటలు కిందికి దించండి. చిల్లు పడిందంటే ఊరుకోను."